అమెరికా అధ్యక్షుల జీవితాలు, ఉద్యోగాలు: తరచుగా అడిగే ప్రశ్నలు

స్కూలు పిల్లల క్విజ్‌లకు ప్రశ్నలు రాసిపెట్టడం చాలా ఏళ్లుగా నాకు అలవాటు. అమెరికా అధ్యక్షుల మీద ఒక్క ప్రశ్నయినా లేని క్విజ్ ఉండదు. కానీ క్విజ్ పుస్తకాలు ఒకదాన్ని చూసి ఇంకొకటి రాసుకుంటూ వస్తాయి కాబట్టి తప్పులు కూడా తరాల తరబడి అలాగే దిగుతున్నాయి. పిల్లలు, వాళ్ల తల్లిదండ్రులు నన్ను మళ్లీ మళ్లీ అడిగిన ప్రశ్నలు ఇవి. ఎవరు ఎన్ని ఓట్లతో గెలిచారన్నదాని కన్నా, ఆ పదవికి రాకముందు ఏ పని చేసుకుని బతికారు, దిగిపోయాక ఏం చేశారు అన్నదే నాకు ముఖ్యం. అందుకే కొన్ని జవాబులు పొడుగ్గా ఉంటాయి.

అమెరికాకు ఇప్పటివరకు ఎంతమంది అధ్యక్షులు? 45 అంటారు, 47 అంటారు. ఏది రైటు?

రెండూ రైటే. 2025 జనవరిలో ప్రమాణం చేసిన డొనాల్డ్ ట్రంప్ 47వ అధ్యక్షుడు. కానీ ఆ పదవిలో కూర్చున్న మనుషులు 45 మందే. గ్రోవర్ క్లీవ్‌లాండ్ 1885 నుంచి 1889 దాకా చేసి, ఓడిపోయి, మళ్లీ 1892లో గెలిచాడు. ఆయన్ని 22వ అధ్యక్షుడిగా ఒకసారి, 24వ అధ్యక్షుడిగా ఇంకోసారి లెక్కపెడతారు. ట్రంప్‌ది కూడా అదే కథ: 45, 47. క్విజ్‌లో "ఎన్నో అధ్యక్షుడు" అని అడుగుతున్నారా, "ఎంతమంది వ్యక్తులు" అని అడుగుతున్నారా అన్నది ముందు చూసుకోండి.

అక్కడ పుట్టిన మన పిల్లలు ప్రెసిడెంట్ కాగలరా?

అమెరికాలో చుట్టాలున్న ప్రతి ఇంట్లోనూ ఎవరో ఒకరు అడిగే ప్రశ్న ఇది. పుట్టుకతోనే అమెరికా పౌరులై ఉండాలి, 35 ఏళ్లు నిండాలి, కనీసం 14 ఏళ్లు ఆ దేశంలో నివసించి ఉండాలి. రాజ్యాంగం పెట్టిన షరతులు ఈ మూడే. డిగ్రీ అక్కర్లేదు, ఆస్తి అక్కర్లేదు. గ్రీన్‌కార్డు మీద వెళ్లి తర్వాత పౌరసత్వం తీసుకున్నవాళ్లు గవర్నర్ కావచ్చు, సెనేటర్ కావచ్చు, అధ్యక్షుడు మాత్రం కాలేరు. వాళ్లకు పుట్టి, పుట్టుకతోనే పౌరులైన పిల్లలకు ఆ అడ్డు లేదు.

మొదటి అధ్యక్షుల్లో ఎనిమిదిమంది పుట్టినప్పుడు బ్రిటిష్ ప్రజలే. అప్పటికి అమెరికా అనే దేశమే లేదు మరి. అందుకే రాజ్యాంగం అమల్లోకి వచ్చే నాటికి పౌరులుగా ఉన్నవాళ్లకు మినహాయింపు ఇచ్చారు. దేశం ఏర్పడ్డాక పుట్టినవాళ్లలో మొదట అధ్యక్షుడైంది మార్టిన్ వాన్ బ్యూరెన్. ఆయన 1782లో పుట్టాడు.

ఇంగ్లిష్ మాతృభాష కాని అధ్యక్షుడు ఎవరైనా ఉన్నారా?

ఒక్కరే ఉన్నారు, ఆయన ఈ వాన్ బ్యూరెనే. న్యూయార్క్ రాష్ట్రంలో కిండర్‌హుక్ అనే ఊరు, డచ్చివాళ్ల ఊరు. ఇంట్లో అందరూ డచ్చే మాట్లాడేవారు. ఇంగ్లిష్ ఆయన బడికి వెళ్లాక నేర్చుకున్నదే. తండ్రికి ఆ ఊళ్లో పూటకూళ్ల ఇల్లు ఉండేది. ఇంట్లో తెలుగు, బళ్లో ఇంగ్లిష్ అని ఇబ్బందిపడే పిల్లలకు నేను ఈయన పేరు తప్పకుండా చెబుతాను.

బడికే వెళ్లని అధ్యక్షుడు ఉన్నారా?

ఆండ్రూ జాన్సన్. లింకన్ హత్య తర్వాత 1865లో అధ్యక్షుడైన మనిషి. తండ్రి చిన్నప్పుడే పోయాడు. తల్లి పేదరికం భరించలేక అన్నదమ్ములిద్దరినీ రాలీ అనే ఊళ్లో ఒక దర్జీ దగ్గర పనికి ఒప్పగించింది. ఒప్పందం ప్రకారం ఇన్నేళ్లని అక్కడే పనిచేయాలి. మధ్యలో అన్నదమ్ములు పారిపోయారు. పట్టి తెచ్చినవాళ్లకు 10 డాలర్ల బహుమానం ఇస్తానని ఆ దర్జీ 1824లో పేపర్లో ప్రకటన వేయించాడు. అలా వెతికించుకున్న కుర్రాడు వైట్‌హౌస్‌కు చేరాడంటే తలుచుకున్నప్పుడల్లా ఆశ్చర్యంగానే ఉంటుంది.

తర్వాత టెనెసీలోని గ్రీన్‌విల్‌లో సొంత కొట్టు పెట్టుకున్నాడు. అప్పటికే అక్షరాలు కూడబలుక్కుని చదవడం వచ్చు. సరిగ్గా రాయడం, లెక్కలు చేయడం నేర్పింది భార్య ఎలైజా. పైకొచ్చాక కూడా ఆయన చేతిపని మరచిపోలేదు, దర్జీనని చెప్పుకోవడానికి సిగ్గుపడనూ లేదు.

ఇక్కడితో ఆపేస్తే పిల్లలకు సగమే చెప్పినట్టు. అంత అడుగునుంచి వచ్చిన మనిషి, బానిసత్వం నుంచి బయటపడ్డ నల్లవాళ్లకు హక్కులిచ్చే 1866 చట్టాన్ని వీటో చేశాడు. కాంగ్రెస్ ఆ వీటోను తోసిపుచ్చి చట్టం చేసింది. 1868లో ఆయన మీద అభిశంసన పెట్టారు. పదవి పోవాలంటే సెనేట్‌లో 36 ఓట్లు కావాలి, 35 వచ్చాయి. ఒక్క ఓటుతో బయటపడ్డాడు. మీరు క్విజ్‌లో దర్జీ సంగతి అడిగితే, వీటో సంగతి కూడా ఇంకో ప్రశ్నగా అడగండి.

మరి అందరికన్నా ఎక్కువ చదివిందెవరు?

పీహెచ్‌డీ ఉన్నది ఒక్క ఉడ్రో విల్సన్‌కే. జాన్స్ హాప్కిన్స్ యూనివర్సిటీలో 1886లో తీసుకున్నాడు. తర్వాత ప్రిన్‌స్టన్ యూనివర్సిటీకి ప్రెసిడెంట్‌గా చేశాడు. ఎంబీఏ ఉన్నది జార్జ్ డబ్ల్యూ బుష్ ఒక్కడికే. డిగ్రీ లేని చివరి అధ్యక్షుడు హ్యారీ ట్రూమన్. ఈయన కాన్సస్ సిటీలో మగవాళ్ల బట్టల షాపు పెట్టి, 1922లో మూసేసి, ఆ అప్పులు ఏళ్ల తరబడి తీర్చుకుంటూ వచ్చాడు.

హెర్బర్ట్ హూవర్ సంగతి మన దగ్గర పెద్దగా ఎవరూ చెప్పరు. తొమ్మిదేళ్లకే తల్లిదండ్రులిద్దరూ పోయిన పిల్లవాడు. స్టాన్‌ఫర్డ్ యూనివర్సిటీ మొదటి బ్యాచ్‌లో చదివి మైనింగ్ ఇంజనీరయ్యాడు. ఆస్ట్రేలియాలో, చైనాలో గనుల్లో పనిచేశాడు. భార్య లూ కూడా స్టాన్‌ఫర్డ్‌లోనే భూగర్భశాస్త్రం చదివింది. గనుల మీద పదహారో శతాబ్దం నాటి ఒక పెద్ద లాటిన్ గ్రంథాన్ని భార్యాభర్తలిద్దరూ కూర్చుని ఇంగ్లిష్‌లోకి తెచ్చి 1912లో అచ్చు వేయించారు. వైట్‌హౌస్‌లో పక్కవాళ్లకు తెలియకూడని మాట ఏదైనా ఉంటే ఇద్దరూ చైనీస్‌లో మాట్లాడుకునేవారు.

లింకన్ తన కొడుకు టీచర్‌కు రాసిన ఉత్తరం నిజమేనా?

కాదు. ఈ మాట చెప్పినప్పుడల్లా ఎవరో ఒకరు బాధపడతారు. ఎన్నో స్కూళ్ల గోడల మీద, ఉపాధ్యాయ దినోత్సవం నాటి వాట్సాప్ మెసేజుల్లో, ఎన్నో ఉపన్యాసాల్లో అది లింకన్ పేరుతోనే ఉంది. లింకన్ ఉత్తరాలు, ప్రసంగాలు అన్నీ సేకరించి సంపుటాలుగా వేశారు. వాటిలో ఈ ఉత్తరం లేదు. ఆయన రాసినట్టు ఏ ఆధారమూ లేదు. అందులోని మాటలు బాగున్నాయి, పిల్లలకు వినిపించండి, తప్పులేదు. లింకన్ సంతకం మాత్రం తీసేయండి.

ఇంకో కథ కూడా ఇలాంటిదే. లింకన్ అధ్యక్షుడయ్యాక సెనేట్‌లో ఒక డబ్బున్నాయన లేచి "మీ నాన్న మా ఇంట్లోవాళ్లకు బూట్లు కుట్టేవాడు" అన్నాడని, దానికి లింకన్ చాలా హుందాగా జవాబు చెప్పాడని వ్యక్తిత్వ వికాసం క్లాసుల్లో చెబుతుంటారు. లింకన్ తండ్రి థామస్ వడ్రంగి, రైతు. బూట్లు కుట్టడం ఆయన వృత్తి కాదు. పైగా అమెరికా అధ్యక్షుడు మన ప్రధానమంత్రిలా సభలో కూర్చుని సభ్యులకు జవాబులు చెప్పే పద్ధతే అక్కడ లేదు.

మూడోది, "అన్ని ఎన్నికల్లో ఓడి చివరికి అధ్యక్షుడైన లింకన్" అనే పట్టిక. ఓడింది నిజమే. 1832లో రాష్ట్ర శాసనసభకు ఓడాడు, 1858లో సెనేట్‌కు ఓడాడు, న్యూ సేలంలో పెట్టిన కొట్టు మునిగి అప్పులపాలయ్యాడు. కానీ 1834 నుంచి వరసగా నాలుగుసార్లు ఇల్లినాయ్ శాసనసభకు గెలిచాడు. 1846లో ప్రతినిధుల సభకు గెలిచాడు. లాయర్‌గా మంచి పేరు, మంచి ప్రాక్టీసు ఉండేవి. ఆ పట్టిక గెలుపులన్నిటినీ దాచేసి ఓటములే చూపిస్తుంది. నిజమైన లింకన్ అంతకన్నా ఆసక్తికరమైన మనిషి. అన్నీ కలిపి లెక్కేస్తే బడిలో కూర్చున్నది ఏడాది కూడా ఉండదు, న్యాయశాస్త్రం పుస్తకాలు అరువు తెచ్చుకుని సొంతంగా చదువుకున్నాడు.

పేటెంట్ ఉన్న అధ్యక్షుడు ఎవరు?

లింకనే. నంబరు 6469, 1849 మే 22న వచ్చింది. లోతు తక్కువ ఉన్నచోట ఇసుకమేటల్లో ఇరుక్కున్న పడవలను గాలి సంచుల సాయంతో పైకి తేల్చే ఏర్పాటు అది. కుర్రతనంలో సరుకు పడవల మీద పనిచేసినవాడు కాబట్టి ఆ కష్టం ఆయనకు తెలుసు. ఆ పరికరం ఎప్పుడూ మార్కెట్లోకి రాలేదు. పేటెంట్ ఉన్న అధ్యక్షుడు మాత్రం ఈ రోజుకీ ఆయన ఒక్కడే.

వాషింగ్టన్ చెర్రీ చెట్టు కథ, చెక్క పళ్ల కథ నిజమేనా?

రెండూ కాదు. చిన్నప్పుడు తండ్రి చెర్రీ చెట్టును నరికి, అడిగితే అబద్ధం ఆడకుండా ఒప్పుకున్నాడన్న కథ వాషింగ్టన్ పోయాక ఆయన జీవితచరిత్ర రాసిన వీమ్స్ అనే మతబోధకుడు చేర్చింది. అబద్ధం ఆడకూడదని చెప్పే కథే కల్పితం కావడం పిల్లలకు ఎలా చెప్పాలా అని నాకు మొదట్లో టెన్షన్‌గా ఉండేది. ఉన్నది ఉన్నట్టు చెప్పేశాను, చక్కగా అర్థం చేసుకున్నారు.

1789 ఏప్రిల్ 30న న్యూయార్క్‌లో ప్రమాణం చేసేనాటికి వాషింగ్టన్ నోట్లో సొంత పన్ను ఒక్కటే మిగిలింది. కట్టుడు పళ్లు దంతంతో, లోహంతో, జంతువుల పళ్లతో, మనుషుల పళ్లతో చేసినవి. చెక్క లేదు. 1784లో నల్లవాళ్ల దగ్గర పళ్లు కొన్నందుకు డబ్బు ఇచ్చినట్టు ఆయన లెక్కల పుస్తకంలోనే ఉంది. చెక్క పళ్ల కథ వింటే నవ్వు వస్తుంది. అసలు సంగతి తెలిస్తే ఆ నవ్వు ఉండదు.

అధ్యక్షుల్లో ఎంతమందికి బానిసలు ఉండేవారు?

12 మందికి. వాళ్లలో ఎనిమిదిమంది పదవిలో ఉన్నప్పుడే యజమానులుగా ఉన్నారు. మనుషులందరూ సమానంగా పుట్టారని స్వాతంత్ర్య ప్రకటనలో రాసిన థామస్ జెఫర్సన్ తన జీవితకాలంలో 600 మందికి పైగా బానిసలకు యజమాని. అప్పులతో చనిపోయాడు. 1827లో ఆయన ఎస్టేట్‌లోని మనుషులను వేలం వేశారు, కుటుంబాలు చెల్లాచెదురయ్యాయి. జెఫర్సన్ సమాధి మీద తాను రాయించుకున్నవి మూడు పనులు: స్వాతంత్ర్య ప్రకటన, వర్జీనియా మతస్వేచ్ఛ చట్టం, వర్జీనియా యూనివర్సిటీ. అధ్యక్షుడిగా చేశానన్న మాట అందులో లేదు. క్విజ్‌లో సమాధి ప్రశ్న అడుగుతారు, వేలం ప్రశ్న అడగరు. నేను రెండూ అడుగుతాను.

లెక్కల్లో సిద్ధాంతాన్ని నిరూపించిన అధ్యక్షుడు ఎవరు? ఎలా?

జేమ్స్ గార్‌ఫీల్డ్. నాకు అందరిలోకీ ఇష్టమైన ప్రశ్న ఇది, ఎందుకంటే జవాబు కాగితం మీద చేసి చూపించవచ్చు.

పైథాగరస్ సిద్ధాంతం పదో తరగతి పిల్లలందరికీ తెలుసు. గార్‌ఫీల్డ్ ప్రతినిధుల సభలో ఉన్నప్పుడు దానికి ఒక కొత్త నిరూపణ ఇచ్చాడు, 1876లో ఒక విద్యా పత్రికలో అచ్చయింది. ఒకేలాంటి లంబకోణ త్రిభుజాలు రెండు కత్తిరించండి. లంబకోణం పక్కనున్న భుజాలు ఏ, బి అనుకోండి, కర్ణం సి. ఒకదాన్ని ఏ మీద పడుకోబెట్టండి, రెండోదాన్ని బి మీద. రెండూ ఒకే గీత మీద, లంబకోణాలు బయటి కొసల్లో ఉండి, మిగతా మూల మూల తగిలేలా పక్కపక్కన పెట్టండి. పైకొసలు కలుపుతూ గీత గీస్తే ట్రెపీజియం వస్తుంది. మధ్యలో మిగిలిన త్రిభుజంలో రెండు భుజాలూ సి, వాటి మధ్య లంబకోణం. ఇప్పుడు ట్రెపీజియం వైశాల్యం ఒకసారి సూత్రంతో కట్టండి, ఇంకోసారి మూడు త్రిభుజాలు కూడి కట్టండి. రెండూ సమానం అని రాస్తే, ఏ వర్గం, బి వర్గం కలిపితే సి వర్గం అని దానంతట అదే వచ్చేస్తుంది. ఏడో తరగతి పిల్లలు కూడా పది నిమిషాల్లో చేసేశారు.

గార్‌ఫీల్డ్ ఒహాయోలో చెక్క గుడిసెలో పుట్టాడు. ఏడాదిన్నర వయసులో తండ్రి పోయాడు. కాలువల మీద పడవలను లాగే కంచరగాడిదలను తోలే పని చేశాడు. చదువుకోవడానికి వెళ్లిన కాలేజీలో మొదట ఊడ్చే పని చేసి ఫీజు కట్టుకున్నాడు. తర్వాత అదే కాలేజీకి ప్రిన్సిపాల్ అయ్యాడు.

1881 మార్చిలో అధ్యక్షుడయ్యాడు. జూలై 2న వాషింగ్టన్ రైల్వే స్టేషన్‌లో చార్లెస్ గిటో అనేవాడు కాల్చాడు. పార్టీకి పనిచేశానని, తనకు విదేశాల్లో ఉద్యోగం ఇవ్వలేదని వాడి కోపం. గుండు ప్రాణం తీసే చోట లేదు. డాక్టర్లు కడగని వేళ్లతో, కడగని పనిముట్లతో గాయంలో గుండు కోసం వెతికారు. టెలిఫోన్ కనిపెట్టిన గ్రాహం బెల్ లోహాన్ని కనిపెట్టే యంత్రం ఒకటి తెచ్చాడు. పరుపు కింద లోహపు స్ప్రింగులు ఉండడం, గుండు ఉందని డాక్టరు అనుకున్న కుడివైపే వెతకనివ్వడం వల్ల అది దొరకలేదు. గుండు ఎడమవైపు ఉంది. గాయం చీము పట్టి, 79 రోజులు నరకం పడి, సెప్టెంబర్ 19న పోయాడు. క్రిములను చంపి గాయాలను శుభ్రంగా ఉంచాలని లిస్టర్ అనే బ్రిటిష్ సర్జన్ అప్పటికే చెబుతున్నాడు. ఆ డాక్టర్లు వినలేదు. ఈయన చావు వల్లే 1883లో ప్రభుత్వ ఉద్యోగాలకు పరీక్షలు పెట్టే చట్టం వచ్చింది.

20 ఏళ్లకోసారి గెలిచినవాళ్లు పదవిలోనే చనిపోతారట, నిజమా?

1840, 1860, 1880, 1900, 1920, 1940, 1960ల్లో గెలిచిన ఏడుగురూ పదవిలో ఉండగానే పోయారు. ఇది వాస్తవం. 1980లో గెలిచిన రేగన్‌ను 1981 మార్చి 30న కాల్చారు గానీ బతికాడు. 2000లో గెలిచిన బుష్, 2020లో గెలిచిన బైడెన్ పదవీకాలాలు పూర్తి చేశారు. శాపం అనేదేమీ లేదు. 1848లో గెలిచిన టేలర్ కూడా పదవిలోనే పోయాడు, ఆయన ఈ వరసలోకే రాడు.

లింకన్, కెనెడీల పోలికల జాబితాలో కూడా నిజం, అబద్ధం కలిసిపోయాయి. వాళ్లు గెలిచిన ఏళ్లు 1860, 1960 అన్నది నిజం. ఇద్దరి తర్వాతా జాన్సన్‌లే వచ్చారు, ఒకరు 1808లో, ఇంకొకరు 1908లో పుట్టారు, అదీ నిజం. లింకన్ సెక్రటరీ పేరు కెనెడీ అన్నది అబద్ధం. ఆయన సెక్రటరీలు నికొలే, హే.

అసలైన యాదృచ్ఛికం లింకన్ పెద్దకొడుకు రాబర్ట్‌ది. గార్‌ఫీల్డ్‌ను కాల్చినప్పుడు ఆయన స్టేషన్‌లో ఉన్నాడు. అధ్యక్షుడు మెకిన్లీని 1901లో కాల్చినప్పుడు అదే ఊరికి వచ్చాడు. ఇంకా ముందు, ఒకసారి రైలు ప్లాట్‌ఫాం మీది నుంచి జారిపోతుంటే కాలరు పట్టుకుని పైకి లాగి కాపాడింది ఎడ్విన్ బూత్ అనే నటుడు. లింకన్‌ను చంపిన జాన్ విల్క్స్ బూత్ ఆయన తమ్ముడే.

అతి తక్కువ కాలం పనిచేసిందెవరు?

విలియం హెన్రీ హారిసన్. 1841 మార్చి 4న ప్రమాణం, ఏప్రిల్ 4న మరణం. ప్రమాణం నాడు చలిలో కోటు లేకుండా రెండు గంటల దాకా మాట్లాడి న్యుమోనియాతో పోయాడని పుస్తకాల్లో ఉంటుంది. జబ్బు మొదలైంది ఆ తర్వాత మూడు వారాలకు. వైట్‌హౌస్ తాగునీటిలో మురుగు కలిసి జ్వరం వచ్చిందేమోనని ఈమధ్య వైద్యుల అనుమానం.

ఆయన తర్వాత వచ్చిన జాన్ టైలర్ 1790లో పుట్టాడు. ఇద్దరు భార్యల వల్ల 15 మంది పిల్లలు. ఆయన సొంత మనవడు ఒకరు 2025 దాకా బతికి ఉన్నారు. తాతకు, కొడుకుకు ముసలితనంలో పిల్లలు పుట్టడం వల్ల మూడు తరాలు 235 ఏళ్లు సాగాయి.

కిరోసిన్ దీపం వెలుగులో ప్రమాణం చేసిన అధ్యక్షుడు?

కాల్విన్ కూలిడ్జ్. 1923 ఆగస్టు 2న అధ్యక్షుడు హార్డింగ్ శాన్‌ఫ్రాన్సిస్కోలో చనిపోయాడు. ఉపాధ్యక్షుడు కూలిడ్జ్ వెర్మాంట్ కొండల్లో తన నాన్నగారి ఇంట్లో నిద్రపోతున్నాడు. ఆ ఇంట్లో కరెంటు లేదు, ఫోను లేదు. మనిషి వచ్చి తలుపు తట్టి కబురు చెప్పాడు. తండ్రి జాన్ ఆ ఊళ్లో నోటరీ. తెల్లవారుజామున 2 గంటల 47 నిమిషాలకు, ముందుగదిలో దీపం దగ్గర, తండ్రి చెబుతుంటే కొడుకు ప్రమాణం చేశాడు. చేసి, వెళ్లి మళ్లీ పడుకున్నాడు. తండ్రి కొడుకును అధ్యక్షుణ్ణి చేసిన సందర్భం ఇదొక్కటే.

జబ్బును దాచిపెట్టిన అధ్యక్షులు ఉన్నారా?

క్లీవ్‌లాండ్ 1893లో నోట్లో కణితిని స్నేహితుడి ఓడలో, సముద్రం మీద, రహస్యంగా తీయించుకున్నాడు. పై దవడలో ఒక భాగం పోయింది. రబ్బరుతో చేసిన ముక్క పెట్టుకుని మాట్లాడేవాడు. ఒక విలేకరి నిజం రాస్తే అందరూ అతన్నే అబద్ధాలకోరు అన్నారు. 1917లో ఆ డాక్టర్లలో ఒకరు బయటపెట్టాక గానీ ఆ విలేకరికి న్యాయం జరగలేదు.

విల్సన్‌కు 1919 అక్టోబర్‌లో పక్షవాతం వచ్చింది. ఆయన దగ్గరికి ఏ కాగితం వెళ్లాలో, ఎవరు వెళ్లాలో నెలల తరబడి భార్య ఎడిత్ నిర్ణయించింది. అధ్యక్షుడు పనిచేయలేని స్థితిలో ఉంటే ఏం చేయాలో చెప్పే రాజ్యాంగ సవరణ 1967లో గానీ రాలేదు.

టెడ్డీబేర్‌కు ఆ పేరు ఎలా వచ్చింది?

థియొడోర్ రూజ్‌వెల్ట్ ముద్దుపేరు టెడ్డీ. 1902లో మిసిసిపీలో వేటకు వెళ్తే వెంట ఉన్నవాళ్లు ఒక ఎలుగుబంటిని చెట్టుకు కట్టేసి కాల్చమన్నారు. కట్టేసిన జంతువును కాల్చనన్నాడు. పేపర్లో దాని మీద కార్టూన్ వచ్చింది, అది చూసి బ్రూక్లిన్‌లో ఒక దుకాణందారు బొమ్మ చేయించాడు. ఈయన్నే 1912 అక్టోబర్ 14న మిల్వాకీలో కాల్చారు. కోటు జేబులో మడతపెట్టిన 50 పేజీల ఉపన్యాసం, కళ్లజోడు పెట్టె గుండు వేగాన్ని తగ్గించాయి. రక్తం కారుతుండగానే గంటకు పైగా మాట్లాడాడు.

జీతం ఎంత?

2001 నుంచి ఏడాదికి 4 లక్షల డాలర్లు. 1789లో 25 వేలు. వైట్‌హౌస్‌లో అద్దె ఉండదు గానీ, ఇంట్లోవాళ్లు తినే తిండి సరుకులకు అధ్యక్షుడే డబ్బు కట్టాలి. మాజీ అధ్యక్షులకు పెన్షన్ ఇచ్చే చట్టం 1958 దాకా లేదు.

పదవి దిగిపోయాక ఎవరు గొప్పగా బతికారు?

నా లెక్కలో ముగ్గురు.

జాన్ క్విన్సీ ఆడమ్స్ 1828లో ఓడిపోయాడు. ఇంట్లో కూర్చోకుండా 1831లో ప్రతినిధుల సభకు మామూలు సభ్యుడిగా వెళ్లి 17 ఏళ్లు పనిచేశాడు. బానిసత్వం మీద వచ్చే అర్జీలను సభ చర్చించకూడదని నిబంధన ఉండేది. ఏళ్ల తరబడి పోరాడి 1844లో దాన్ని తీయించాడు. అమిస్టాడ్ అనే ఓడలో తిరగబడ్డ ఆఫ్రికావాళ్ల తరఫున 1841లో సుప్రీంకోర్టులో వాదించి వాళ్లను విడిపించాడు. 1848లో సభలో తన కుర్చీలోనే కుప్పకూలి, రెండు రోజులకు ఆ భవనంలోనే కన్నుమూశాడు.

రెండోవాడు యులిసిస్ గ్రాంట్. 1884లో వ్యాపార భాగస్వామి మోసంతో సర్వం పోయింది. అదే ఏడాది గొంతు క్యాన్సర్. భార్య జూలియాకు ఏమీ మిగలదని భయపడి, నొప్పితో, మాట పోయినా, తన జ్ఞాపకాలు రాస్తూ కూర్చున్నాడు. పని ముగిసిన కొద్ది రోజులకే, 1885 జూలై 23న పోయాడు. మార్క్ ట్వేన్ సంస్థ ఆ పుస్తకం అచ్చు వేసింది. జూలియాకు దాదాపు నాలుగున్నర లక్షల డాలర్లు వచ్చాయి.

మూడోవాడు జిమ్మీ కార్టర్. ఆయన పెట్టిన కార్టర్ సెంటర్ అనే సంస్థ గినియా పురుగు మీద 1986 నుంచి పోరాడింది. అప్పుడు ఏడాదికి 35 లక్షల కేసులుండేవి, ఇప్పుడు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. ఇది మన దగ్గర నారికురుపు. దిగుడు బావుల నీళ్లు తాగిన ఊళ్లలో కాళ్లలోంచి పురుగు బయటికొచ్చేది. పెద్దవాళ్లను అడిగితే చెబుతారు. మన దేశం తన సొంత కార్యక్రమంతో 2000 నాటికి దాన్నుంచి బయటపడింది. ఆఫ్రికా ఊళ్లకు ఆ విముక్తి తేవడానికి కార్టర్ మిగతా జీవితం పెట్టాడు. 2024 డిసెంబర్ 29న, నూరేళ్లు నిండాక పోయాడు. ఆయన తల్లి లిలియన్ 68 ఏళ్ల వయసులో బొంబాయి దగ్గర విఖ్రోలిలో నర్సుగా సేవ చేసింది.

హైదరాబాద్‌కు వచ్చిన అధ్యక్షులు ఎవరు?

పదవిలో ఉండగా ఇద్దరు. 2000 మార్చిలో క్లింటన్ వచ్చి హైటెక్ సిటీలో మాట్లాడాడు. 2006 మార్చిలో బుష్ వచ్చి వ్యవసాయ విశ్వవిద్యాలయాన్ని, ఐఎస్‌బీని (ఇండియన్ స్కూల్ ఆఫ్ బిజినెస్) చూశాడు. భారతదేశానికి పదవిలో ఉండగా వచ్చిన మొదటి అధ్యక్షుడు ఐజెన్‌హవర్, 1959 డిసెంబర్‌లో.

మనవాళ్లు అమెరికా వెళ్లడానికి కారణమైన అధ్యక్షుడు ఎవరు?

ఒక్కరి పేరే చెప్పమంటే లిండన్ జాన్సన్. మనలాంటి ఆసియావాళ్లకు 1917 చట్టం మూసేసిన తలుపులను కూలిడ్జ్ సంతకం చేసిన 1924 చట్టం ఇంకా బిగించింది. 1946లో ట్రూమన్ సంతకంతో కొంచెం తెరుచుకుంది: మొత్తం భారతదేశానికి ఏడాదికి వంద మంది.

జాన్సన్ టెక్సస్ పల్లెలో పెరిగాడు. 1928లో కటులా అనే ఊళ్లో మెక్సికో నుంచి వచ్చిన పేదల పిల్లలకు పంతులుగా చేశాడు. పిల్లలు ఆకలితో బడికి వచ్చేవారు. తమను ఎందుకు చిన్నచూపు చూస్తున్నారో వాళ్లకు అర్థమయ్యేది కాదు. 1965లో నల్లవాళ్ల ఓటుహక్కు కోసం కాంగ్రెస్‌లో మాట్లాడినప్పుడు ఆ పిల్లలను తలుచుకున్నాడు. అదే ఏడాది అక్టోబర్ 3న, స్టాచ్యూ ఆఫ్ లిబర్టీ దగ్గర బల్ల వేయించుకుని, ఏ దేశంలో పుట్టారన్నదాన్ని బట్టి కోటా పెట్టే పద్ధతిని ఎత్తేసే చట్టం మీద సంతకం చేశాడు. ఆ తర్వాతే మన డాక్టర్లు, ఇంజనీర్లు కుటుంబాలతో వెళ్లి అక్కడ స్థిరపడడం పెరిగింది.